పొట్లం చిక్కిపోయింది వదినా!

పొయ్యి మీద పాలేమన్నా పెట్టొచ్చావా వదినా? పెట్టుంటే ముందు దించేసి రా. నేను కబుర్లు మొదలుపెట్టానంటే నిన్ను గోడ దగ్గర్నుంచి కదలనివ్వను. ఆనక పాలు పొంగిపోయాయని నన్ను ఆడిపోసుకుంటావు. దించావా? సరే, ఇట్టా దగ్గరికి రా. అన్న లోపల పేపరు చదువుతుంటే ఆయన్నీ ఒక చెవి ఇటు పడెయ్యమను.

పొద్దున మనవడు పాలల్లో ముంచుకుంటాడని బిస్కెట్ పొట్లం తెప్పించా. అదే అయిదు రూపాయల పొట్లం. అదే కాగితం, అదే బొమ్మ. చేతిలోకి తీసుకోగానే తెలిసిపోయింది. ఏందబ్బా, ఇంత తేలిగ్గా ఉంది, పండక్కి ఉపవాసం చేసిందా అనుకున్నా. చింపి చూస్తే నాకు ఒకటి, వాడికి మూడు, ఇంకేముంది, కాగితం మిగిలింది. మా చిన్నప్పుడు అట్టా కాదు. బిస్కెట్టు ముంచి, పైకెత్తి, కారేది కారనిచ్చి, తీరిగ్గా నోట్లో వేసుకునేవాళ్ళం. పొట్లం ఒకటి తెస్తే ఇంటిల్లిపాదికీ చేతికొకటి వచ్చేది, అడుగున పొడి కోసం మేమూ మేమూ కొట్టుకునేవాళ్ళం. ఆ పొడి రుచి నీకు గుర్తుందా? బిస్కెట్టు కన్నా అదే బాగుండేది!

ధర పెరిగిందనుకో, మనకి వెంటనే కోపం వస్తుంది. కొట్టాయనతో నాలుగు మాటలు అంటాం. ఆయనా నాలుగు అంటాడు. ఇద్దరికీ బరువు దిగుతుంది. గ్రాములు తగ్గితే ఎవరితో పోట్లాడతాం చెప్పు? నిద్దట్లో గాజు జారినట్టు, పోయిందని తెలిసేసరికి తెల్లారిపోతుంది. బిస్కెట్లు, టీ, కాఫీ, నూనె, సబ్బు లాంటి కొన్ని సరుకులు ఇన్నిన్ని గ్రాముల్లోనే కట్టాలని కేంద్రం రూల్సులో ఒక జాబితా ఉండేది. 2021లో సవరణ చేసి ఆ జాబితా తీసేశారు. ఎంత బరువైనా కట్టుకోవచ్చు, కాకపోతే గ్రాముకో కిలోకో ఎంత పడుతుందో పొట్లం మీద అచ్చెయ్యాలన్నారు. అచ్చేస్తున్నారు కూడా. చీమ తలకాయంత అక్షరాల్లో! నా కళ్ళజోడుకి అవి ఆనవు. మనవణ్ణి పిలిచి చదివిస్తున్నా. వాడికి లెక్కలు కూడా వస్తున్నాయి, ఆ మేలు మాత్రం జరిగింది.

నూనె ప్యాకెట్టు చూడు. లీటరు నూనె తూచితే ఇంచుమించు 910 గ్రాములుండాలి. షాపులో దాని పక్కనే, అంతే ఎత్తుతో, అంతే ఒంపుతో 850 గ్రాముల ప్యాకెట్టు నిలబడి ఉంటుంది. ధర నాలుగైదు రూపాయలు తక్కువని మనం సంబరంగా దాన్ని సంచిలో వేసుకుంటాం. ఇరవై ఆరో తేదీకి గరిట అడుగు తగులుతుంది. "ఈ నెల నూనె ఎక్కువ వాడేశావే" అని కోడల్ని నేను, "మీరే కదత్తా మొన్న బజ్జీలు వేయించింది" అని నన్ను కోడలు. పాపం బజ్జీలదా తప్పు? అరవై గ్రాములు షాపులోనే ఆగిపోతే!

అయినా చిన్న పొట్లాలంటే నాకు ఇష్టమేలే, ఆ మాట దాచుకోను. ఈ విద్య మనకి దగ్గర్లోనే, చెన్నై దాటాక కడలూరులో పుట్టింది. చిన్నికృష్ణన్ అని ఒకాయన షాంపూని చిన్న పొట్లాల్లో పోసి, కూలికెళ్ళే ఆడవాళ్ళకి కూడా అందేలా చేశాడు. ఆయన కొడుకు రంగనాథన్ 1983లో సొంతంగా మొదలుపెట్టి, చిక్ షాంపూతో ఆ పొట్లాన్ని పల్లెపల్లెకీ చేర్చాడు. అంతకుముందు మనకి కుంకుడుకాయలే గతి. కళ్ళు మండి ఏడుపు, ఆ ఏడుపు చూసి అమ్మ నెత్తిన ఇంకో చెంబు. ఇప్పుడు మా ఇంట్లో షాంపూ పొట్లం కొస కత్తిరించి, సగం వాడి, మూల మడిచి, బట్టల క్లిప్పు పెట్టి, సబ్బుపెట్టె పక్కన నిలబెడతాం. ఆ మిగిలిన సగం ఎవరు వాడారన్న దాని మీద మా ఇంట్లో జరిగినంత విచారణ కావలి కోర్టులో కూడా జరిగుండదు.

కాఫీ సంగతి వేరే చెప్పాలా? మన నెల్లూరోళ్ళకి మద్రాసు గాలి తగిలిన పుణ్యాన కాఫీ పిచ్చి. ఫిల్టర్లో డికాషన్ దిగే చప్పుడు వినకపోతే నాకు తెల్లారదు. ఎక్కడో బ్రెజిల్లో వానల్లేక తోటలు దెబ్బతిన్నాయట. 2025 ఫిబ్రవరిలో కాఫీ గింజల ధర ప్రపంచ బజార్లో మునుపెన్నడూ లేనంత పైకి పోయింది. బ్రెజిల్లో వాన పడకపోతే బిట్రగుంటలో నా గ్లాసు ఎందుకు చిన్నదవ్వాలి, న్యాయమేనా? మొదట్లో పొడి కొట్టాయనకి "ఎనభై ఇరవై" అని చెప్పేదాన్ని. ఎనభై కాఫీ, ఇరవై చికోరీ. తర్వాత డెబ్భై ముప్ఫై అయింది. ఇప్పుడు అరవై నలభై. ఆయన అడగడమూ మానేశాడు, నా మొహం చూసి కలిపేస్తున్నాడు. చికోరీ ఎక్కువైతే రంగు మహా ఘనంగా ఉంటుంది. వచ్చిన చుట్టాలు "అబ్బ, ఎంత చిక్కటి కాఫీ!" అంటారు. నేను నవ్వి ఊరుకుంటా. నువ్వు ఎవరికీ చెప్పకు.

మన బిట్రగుంట కూడా ఆ బిస్కెట్ పొట్లం లాంటిదే వదినా. పైన బోర్డు అదే, ప్లాట్‌ఫారం అదే, ఇప్పుడు లోపల తూకం వేరు.

నువ్వు ఈ ఊరికి కోడలుగా వచ్చేసరికే అంతా అయిపోయింది కాబట్టి నీకు తెలీదు. మద్రాసుకీ బెజవాడకీ మధ్య 1899లో లైను కలిసింది. ఆ దారికి ఇంచుమించు నడిమధ్యన ఉన్న ఊరు మనది. ఆవిరి ఇంజన్‌కి నీళ్ళు కావాలి, బొగ్గు కావాలి, నడిపేవాళ్ళు మారాలి. అందుకే ఇక్కడ లోకోషెడ్డు, యార్డు, క్వార్టర్లు, అంత పెద్ద కాలనీ. మా నాయన ఫైర్‌మన్. డ్యూటీ నుంచి వస్తే తెల్ల పళ్ళు, తెల్ల కళ్ళు, మిగతాది చీకటి. పిలుపు చెప్పే మనిషి అర్ధరాత్రి తలుపు కొడితే వీధంతా లేచేది. కుక్కలతో సహా.

ఆ షెడ్డు బయట పారబోసిన బూడిదలో సగం కాలిన బొగ్గులుండేవి. మధ్యాహ్నం వేళ ఆడవాళ్ళం, పిల్లలం తట్టలు పట్టుకుని బయల్దేరేవాళ్ళం. వేడి చల్లారక ముందు పోతే అరికాళ్ళు మాడతాయి, చల్లారాక పోతే పక్కవీధివాళ్ళు ఏరుకుపోతారు. ఆ మధ్యలో ఉన్న ఒక్క గడియ పట్టుకోవాలి. మా అమ్మకి ఆ గడియ తెలిసినంత బాగా పంచాంగం చెప్పే అయ్యోరికి కూడా తెలీదు! కుంపట్లో ఆ బొగ్గు మీద కాల్చిన వంకాయ పచ్చడి ఉందే, దానికి సాటి ఇంకోటి లేదు. నువ్వు గ్యాసు మీద ఎంత తిప్పి కాల్చినా ఆ వాసన రాదు, నాతో పందెం వేసుకో. వంటచెరుకు ఖర్చు నెలకి సున్నా.

1980-81లో చీరాల నుంచి ఎళావూరు దాకా కరెంటు తీగలు పడ్డాయి. కరెంటు ఇంజన్‌కి మన ఊళ్ళో దాహం వెయ్యదు కదా. షెడ్డు పోయింది. మనుషుల్ని బెజవాడకీ గూడూరుకీ అటూ ఇటూ వేశారు. మా క్వార్టర్ల వరసలో సాయంత్రం దీపాలు ఒక్కొక్కటే తగ్గాయి. టిఫిన్ బండాయన మొదట పూరీ మానేశాడు, తర్వాత బండే మానేశాడు. రైలు పొగ మానేసినందుకు మంచిదే, బట్టలు తెల్లగా ఆరుతున్నాయి. కానీ పొగతో పాటు జీతాలూ వెళ్ళిపోయాయి. ఒక షెడ్డు మూస్తే ఒక పూలబుట్ట, ఒక కుట్టుమిషను, ఒక పాలకేంద్రం ఎట్టా బక్కచిక్కుతాయో నేను కళ్ళారా చూశాను. ఊళ్ళో రైల్వేకి బోలెడు నేలుంది. ఏదో ఒక షెడ్డు, ఏదో ఒక ఫ్యాక్టరీ పెట్టమని మనవాళ్ళు అప్పట్నుంచీ అడుగుతూనే ఉన్నారు. అడగాల్సిందే.

జీతం మాట వచ్చింది కాబట్టి చెప్తున్నా. 1974 మే నెలలో రైల్వే సమ్మె వచ్చింది కదా, మే 8 నుంచి ఇరవై రోజులు. దేశం మొత్తం మీద పదిహేడు లక్షల మంది. నాకప్పుడు పన్నెండేళ్ళు. ఆ రోజుల్లో అమ్మ గంజిలో ఉప్పేసి, కొరుక్కోడానికి పచ్చి ఉల్లిపాయ ఇచ్చింది. అదేం చిత్రమో, అది మాకు పండగ తిండిలాగే అనిపించింది. బోనసు కూడా వాళ్ళు అడిగిన వాటిల్లో ఒకటి. అయిదేళ్ళు తిరిగాక 1979లో ఇచ్చారు. ఆ మొదటి బోనసుతో నాకు పట్టు పరికిణీ వచ్చింది. రంగు? నెమలికంఠం. ఇప్పటికీ పెట్టెలో ఉంది, రేపు చూపిస్తా.

మా నాయన చదివింది అయిదో క్లాసు. ఒక్క జీతంతో నలుగురు పిల్లల్ని చదివించి, ఇద్దరాడపిల్లల పెళ్ళి చేసి, చివర్న పెన్షను తీసుకున్నాడు. నా కొడుకు డిగ్రీ చదివాడు, కోడలూ డిగ్రీ. ఇద్దరూ రోజూ నెల్లూరు వెళ్ళొస్తూ ప్రైవేటులో పనిచేస్తున్నారు. రెండు జీతాలు, ఒక్క పిల్లాడు. అయినా ఇరవయ్యో తేదీకి ఇద్దరూ ఒకళ్ళ ఫోను ఒకళ్ళు చూసుకుంటారు, ఎవరి అకౌంటులో ఎంతుందని. అద్దె, స్కూలు ఫీజు, బండి వాయిదా, ఫోను వాయిదా. మా నాయన లెక్కలో వీటిల్లో ఒక్కటీ లేదు. రైల్వే ఉద్యోగమే వచ్చిందనుకో, 2004 జనవరి 1 నుంచి చేరినవాళ్ళకి ఆ పాత పెన్షను లేదు. వస్తే కదా అసలు! 2019లో రైల్వేలో కింది స్థాయి పోస్టులు లక్షా చిల్లర వేస్తే కోటి మందికి పైగా దరఖాస్తు పెట్టారు. మా వాడూ ఆ కోటిలో ఒకడు.

అందుకే ఎవరన్నా "ఈ కాలం పిల్లలకి పొదుపు తెలీదు" అంటే నాకు ఒళ్ళు మండుతుంది. తెలీకేం? మిగిల్తే కదా! మన దేశంలో ఇళ్ళల్లో అప్పులు పోను మిగిలే పొదుపు 2022-23లో దేశం ఆదాయంలో అయిదు శాతం చిల్లరకి దిగింది. కొన్ని దశాబ్దాల్లో అంత తక్కువ ఎప్పుడూ లేదు. ఆ అంకె రిజర్వు బ్యాంకు పుస్తకంలో చూడక్కర్లేదు, మా పోపులపెట్టెలో చూసినా తెలుస్తుంది. ఆవాల గిన్నె కింద మడిచి పెట్టే అయిదొందల నోటు జీలకర్ర గిన్నె కిందికొచ్చేసరికి వందయింది. మెంతుల కింద ఇప్పుడు మెంతులే ఉన్నాయి.

గాజుల సంగతి తమాషాగా ఉంటుంది, విను. 2019లో పది గ్రాముల బంగారం ముప్పై వేల పైచిలుకు. 2025 ఏప్రిల్లో లక్ష దాటింది. మా వీధిలో ఒకావిడ అవే రెండు గాజులు అప్పట్లో కుదువ పెట్టి కొడుకు ఫీజు కట్టింది. విడిపించింది. మళ్ళీ పెట్టింది. ఈసారి మూడింతలు ఇచ్చారని మెరిసిపోతూ వచ్చింది. "గాజులు పెరిగాయక్కా" అంటుంది. గాజులు పెరగలేదమ్మా, అప్పు పెరిగింది, వడ్డీ పెరిగింది అన్నాను. అన్నాక ఎందుకన్నానా అనిపించింది. ఆవిడ మొహం అంత వెలగడం చూసి చాన్నాళ్ళయింది. ఆ పూట ఆ వెలుగు అట్టాగే ఉండనిస్తే ఏం పోయేది!

చీటీ వేస్తున్నావా ఈసారి? వెయ్యి. చీటీ అంటే డబ్బొకటే కాదు. నెలకొక సాయంత్రం ఇరవై మంది ఆడవాళ్ళు చాప మీద కూర్చుని, ఎవరి ఇంట్లో ఏ అవసరం ఉందో పైకి అనకుండా పసిగట్టి, ఆ నెల ఆవిడకి పోటీగా పాడకుండా నోరు మూసుకుని కూర్చుంటారు చూడు, ఆ మర్యాద ఏ బ్యాంకులోనూ దొరకదు. పోయిన నెల ఒకావిడ పాట మొదలెట్టగానే అందరం ఒక్కసారి పైకప్పు వంక చూశాం. ఆవిడకి తక్కువ పాటకే చీటీ దక్కింది. చివర్న శనగలు, అల్లం టీ. నేనైతే సగం ఆ శనగల కోసమే పోతాను.

మంచి కబురు కూడా ఒకటి చెప్పనీ. కరోనా తర్వాత ప్యాసింజరు బండెక్కితే కనీస ఛార్జీ ముప్ఫై రూపాయలు చేశారు కదా. మునుపు పదే. పూలు కట్టి అమ్ముకునేవాళ్ళు, కూరగాయల గంప ఎత్తుకుపోయేవాళ్ళు, నెల్లూరు బట్టల కొట్లలో నిలబడి పనిచేసే ఆడపిల్లలు, వీళ్ళకి రానూపోనూ నలభై రూపాయల తేడా. ఏళ్ళ తరబడి మోశారు. 2024 ఫిబ్రవరిలో మళ్ళీ పది చేశారు. ఆ వారం మన స్టేషన్‌లో టిక్కెట్ల కిటికీ దగ్గర జనం మొహాలు నువ్వు చూసుండాల్సింది! ఒక ముసలాయన పది రూపాయల టిక్కెట్టుని అటు తిప్పి ఇటు తిప్పి, చొక్కా పై జేబులో పెట్టుకుని, జేబు మీద ఒకసారి తట్టుకున్నాడు. పెద్దవాళ్ళ రాయితీ ఒకటి మిగిలిపోయింది. 2020 మార్చిలో ఆగింది, ఇంకా రాలేదు. ఎక్స్‌ప్రెస్ బండ్లలో మగవాళ్ళకి అరవై నిండితే నలభై శాతం, ఆడవాళ్ళకి యాభై ఎనిమిది నిండితే సగం తగ్గేది. కంటి ఆపరేషన్‌కి చెన్నై పోయే మా వీధి అత్త ప్రతిసారీ "ఎప్పుడిస్తారే" అని నన్ను అడుగుతుంది. నేనెవర్ని అడగను? ఇదిగో, ఇట్టా గోడ దగ్గర నిలబడైనా అడుగుతున్నా. ఇవ్వండి సామీ!

ఇంక తిండి దగ్గరకి రా. అసలు రుచంతా అక్కడుంది.

టమాటా కిలో రెండొందలు పోయిన 2023 వానాకాలం గుర్తుందా? మదనపల్లె మార్కెట్టు పేరు రోజూ టీవీలో. మన ఇళ్ళల్లో ఏం చేశాం? చింతచిగురు, మామిడి ఒరుగులు, గోంగూర, చింతకాయ తొక్కు. టమాటా అనేది పుట్టకముందు మన అవ్వలు పప్పు వండలేదా ఏంది? ఆ నెల రోజులూ మా ఇంట్లో చేసిన పుల్లగూరలు మళ్ళీ చెయ్యమని కోడలు ఇప్పటికీ అడుగుతుంది. రేషన్ బియ్యాన్ని చిన్నచూపు చూసేవాళ్ళకి ఒక సంగతి చెప్పాలి. దోసెకి ఆ బియ్యాన్ని మించింది లేదు. సన్న బియ్యంతో పోసిన దోసె మెత్తగా మూలుగుతుంది. రేషన్ బియ్యంతో పోస్తే అంచులు లేచి కరకరమంటాయి. పైన వెల్లుల్లి ఎర్రకారం పూసి, పప్పులపొడి చల్లి, మడిచి పెట్టానంటే మా ఆయన మాట్లాడడు. నువ్వు ఒకసారి ప్రయత్నించి చూడు, ఇల్లు ప్రశాంతంగా ఉంటుంది.

చేపల పులుసంటే వంజరమే కావాలా? కిలో ధర వినగానే మా ఆయన నడక వేగం పెంచుతాడు. కవళ్ళు తీసుకో. జువ్వలదిన్నె వైపు నుంచి గంపలొస్తాయి కదా, పొద్దున్నే పట్టుకో. ముళ్ళెక్కువ, నిజమే. ఓపిక ఉన్న నోటికి రుచీ ఎక్కువే. మట్టి దాకలో చింతపులుసు మరిగాక చేపలు వేసి, దించే ముందు పుల్ల మామిడి ముక్కలు వేసి, గరిట పెట్టకుండా దాకనే అటూ ఇటూ తిప్పి మూత పెట్టు. ఆ రాత్రి ముట్టుకోవద్దు. ముట్టుకున్నావంటే నేను గోడ మీంచి చూస్తానుండు! ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం కాబట్టి ఆ రెండు నెలలూ ఎండుచేపలతో సరిపెట్టుకో. వంకాయలో ఎండు నెత్తళ్ళు వేసి చూశావా? అదింకో పెద్ద కథ, ఇంకోసారి.

రొయ్యలు చవగ్గా దొరికితే మాత్రం నాకు మనసొప్పదు. 2025 ఆగస్టు 27 నుంచి అమెరికావాళ్ళు మన సరుకు మీద సుంకం 50 శాతం చేశారు. మన రొయ్యలు ఎక్కువగా పోయేది అక్కడికే. అప్పుడు గుంటల దగ్గర ధర పడిపోయింది. మేతకీ కరెంటుకీ అప్పు తెచ్చినవాళ్ళు, కంపెనీల్లో చల్లటి నీళ్ళల్లో నిలబడి రొయ్యలు వలిచే ఆడవాళ్ళు అందరూ మన చుట్టుపక్కలోళ్ళే. ఆ ఆడవాళ్ళ పని దినాలు తగ్గితే మన కిరాణాకొట్టు పద్దులో తెలుస్తుంది, ఆ పుస్తకం లావెక్కుతుంది.

ఇంత మాట్లాడాను కానీ అసలు చెబ్దామనుకున్నది ఇది. నిన్న సాయంత్రం కోడలు ఆఫీసు నుంచి వచ్చి జడ విప్పుకుంటుంటే చూశాను. తలలో పూలు లేవు. ఎన్నాళ్ళ నుంచి లేవో ఆలోచిస్తే గుర్తుకు రాలేదు. పెళ్ళయిన కొత్తలో రోజూ మూర మల్లెలు లేకుండా బండెక్కేది కాదు. అడిగితే "ఏముందత్తా, బండి కుదుపుకి వాడిపోతాయి" అంది. మల్లెలు వాడిపోతాయని మనకిప్పుడు కొత్తగా తెలిసిందా? పిల్లాడి పాలు తగ్గలేదు, మా ఆయన బీపీ మాత్రలు తగ్గలేదు, నా కాఫీ కూడా చికోరీతో అయినా నిలబడింది. ఆ పిల్ల తన జడలోంచి మూర పూలు తీసేసి ఇవన్నీ సర్దుతోంది, ఎవరికీ చెప్పకుండా. ధరలు పెరిగినప్పుడు ఇంట్లో ముందు చిక్కేది ఆడవాళ్ళ పొట్లమే వదినా. నాకది ఇంతకాలం కనపడనందుకు రాత్రి నిద్ర పట్టలేదు.

ఇవాళ స్టేషన్ దగ్గర మూడు మూరలు కొన్నాను. ఒకటి దానికి. ఒకటి నాకు, ఈ వయసులో నీకెందుకనకు, పెట్టుకుంటా. ఈ మూడోది నీకే, పట్టుకో. పులుసు దాకలో ఉంది, రేపు పొద్దున గిన్నె తీసుకుని రా.